ఠేషన్ ఉన్న ఘనపురం, లేని ఘనపురం

పొద్దున ఏడు దాటాక జనగామ స్టేషన్‌లో రైలెక్కి కూర్చోవడానికి సీటు దొరికిందంటే, మనం సికింద్రాబాద్ వైపు పోవడం లేదని అర్థం. అటువైపు పోయే బండికి తలుపు దగ్గర నిలబడే చోటు కూడా కష్టమే. పట్నంలో పనికి పోయేవాళ్లు, ఆస్పత్రికి పోయేవాళ్లు, పరీక్ష రాసే పిల్లలు, ఒడిలో టిఫిన్ డబ్బా పెట్టుకుని కునుకు తీసే సీజన్ టికెట్ల వాళ్లు, అందరిదీ ఒకే దిక్కు. అటు 84 కిలోమీటర్లు పోతే సికింద్రాబాద్. ఇటు 48 కిలోమీటర్లు పోతే కాజీపేట. కాజీపేట వైపు పోయే బండిలో కిటికీ పక్క సీటు ఎప్పుడూ మిగిలే ఉంటుంది. నేను అది చూసుకునే ఎక్కాను.

ఈ బండిని అందరూ పుష్‌పుల్ అనే అంటారు. రైల్వేవాళ్లు ఏ పేరు పెట్టినా, ఎన్నిసార్లు నంబరు మార్చినా ఆ పేరు మాత్రం పోలేదు. సికింద్రాబాద్ నుంచి వచ్చేటప్పుడు జనగామకు ముందు స్టేషన్ పెంబర్తి. ఆ ఊరి ఇత్తడి పనికి 2010లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. అక్కడ తయారైన తలుపు రేకులూ జ్ఞాపికలూ దేశమంతా తిరుగుతుంటే, పెంబర్తి స్టేషన్ మాత్రం ఒక వేపచెట్టూ రెండు సిమెంటు బెంచీలతో సరిపెట్టుకుంది.

జనగామ దాటాక వచ్చేవన్నీ అలాంటి ఊళ్లే. రఘునాథపల్లి, ఇప్పగూడెం, ఘన్‌పూర్, నష్కల్, పెండ్యాల. పేర్లను ఎక్కాలంత వరసగా ఒప్పజెప్పే పిల్లలు ఈ దారిలో కనిపిస్తారు. ఒక్కో చోట బండి ఆగేది ఒక్క నిమిషం. ప్లాట్‌ఫారం నేలకు జానెడు ఎత్తున ఉంటుంది, బోగీ మెట్టేమో మోకాలికి పైన. రఘునాథపల్లిలో ఒక అవ్వ ముందు సంచిని లోపలికి విసిరింది. తర్వాత రెండు చేతులతో కడ్డీ పట్టుకుని, "జర గుంజు బిడ్డా" అంది. గుంజాను. ఎక్కి కూర్చున్నాక కొంగుతో మొహం తుడుచుకుని, "ఈ రైలు కట్టినోనికి ముసలోళ్లు యాదికి రాలె" అంది. బండి కట్టిన ఇంజనీర్ల గురించి ఇంతకంటే సూటి విమర్శ నేను వినలేదు.

2020 మార్చి 22 అర్ధరాత్రి దేశంలో రైళ్లు ఆగిపోయాయి. మళ్లీ మొదలైనప్పుడు ప్యాసింజర్లు ఎక్స్‌ప్రెస్ స్పెషళ్ల పేరుతో వచ్చాయి. 10 రూపాయలుండే కనీస ఛార్జీ 30 అయింది. కొన్ని చిన్న స్టేషన్లలో బండ్లు ఆగడం మానేశాయి. ఛార్జీ 2024 ఫిబ్రవరిలో మళ్లీ 10కి దిగింది కానీ, పోయిన హాల్టులు అంత తొందరగా తిరిగి రావు. హాల్టు పోవడమంటే ఏమిటో పట్నంలో చెప్పినా అర్థం కాదు. ఊళ్లో చూస్తే, కూరగాయల గంప రైలు బదులు ఆటో ఎక్కడం, ఆటో ఖర్చు పోను ఏమీ మిగలక మరుసటి వారం ఆ గంప ఇంట్లోనే ఉండిపోవడం.

ఇక ఘన్‌పూర్. నేను ఈ దారి పట్టింది ఈ ఊరి పేరు కోసమే. రైల్వే బోర్డు మీద ఉత్త ఘన్‌పూర్ అనే ఉంటుంది. బోర్డు బయటికి వస్తే దుకాణాల మీద, మండలాఫీసు మీద, శాసనసభ నియోజకవర్గం పేరులో అంతటా స్టేషన్ ఘన్‌పూర్. ముసలివాళ్ల నోట ఠేషన్ ఘనపురం. స్టేషన్‌కు ఊరి పేరు పెట్టడం ఎక్కడైనా ఉన్నదే, ఇక్కడ ఊరే స్టేషన్ పేరు తగిలించుకుంది. ఎందుకంటే చుట్టుపక్కల ఇంకో ఘనపురం ఉంది. అది కాకతీయ గణపతిదేవుడి కాలం నాటి కోటగుళ్లూ గణపసముద్రం చెరువూ ఉన్న ఘనపురం, ఇప్పటి భూపాలపల్లి జిల్లాలో. రైలు వచ్చే దాకా పెద్ద ఊరు ఏదని అడిగితే చరిత్ర అటే వేలు చూపించేది. రైలు వచ్చాక ఇది 'ఠేషన్' అయింది. ఏడు వందల ఏళ్ల గుళ్లు చేయలేని పనిని ఒక టికెట్ కిటికీ చేసింది.

ఆ కిటికీ ఇక్కడికి ఊరికే రాలేదు. వాడి జంక్షన్ నుంచి సికింద్రాబాద్ దాకా నిజాం రైలు 1874లోనే నడిచింది. దాన్ని వరంగల్ మీదుగా బెజవాడ దాకా, ఇంకో కొమ్మ చాందా దాకా పొడిగించాలని 1883లో లండన్‌లో ఒక కంపెనీ కట్టారు. పెట్టుబడి కంపెనీది, దాని మీద వడ్డీకి పూచీ నిజాం ఖజానాది. ఆ కంపెనీ పేరులోనే 'గ్యారంటీడ్' అన్న మాట ఉంది. లాభమొస్తే వాటాదారులకు, రాకపోతే రైతు కట్టిన శిస్తులోంచి అని దానికి తెలుగు చెప్పుకోవచ్చు. హైదరాబాద్‌లో చదువుకున్నవాళ్లు కొందరు లెక్కలు బయట పెట్టమన్నారు. ముల్లా అబ్దుల్ ఖయ్యూం, నిజాం కాలేజీకి పునాది వేసిన అఘోరనాథ్ చటోపాధ్యాయ వారిలో ముందున్నారు. లెక్కలు బయటికి రాలేదు కానీ, అఘోరనాథ్‌ను రాజ్యం నుంచి కలకత్తాకు పంపేశారు. అప్పటికి ఆయన కూతురు సరోజినికి నాలుగేళ్లు. హైదరాబాద్ రాజ్యంలో జనం సర్కారును లెక్క అడిగిన తొలి ఉద్యమాల్లో ఈ చాందా రైల్వే గొడవ ఒకటి. ఈ పట్టాల మీద రోజూ పోయేవాళ్లలో దాని సంగతి తెలిసినవాళ్లు నాకు తగల్లేదు.

గొడవ అణిగింది, పట్టాలు పడ్డాయి. 1886లో వరంగల్‌కు, 1889లో బెజవాడకు బండి వెళ్లింది. గొడవకు పేరిచ్చిన చాందా వైపు కొమ్మ మాత్రం కాజీపేట నుంచి బల్లార్షా దాకా పూర్తయ్యేసరికి 1929 అయింది. ఢిల్లీ, మద్రాసు ఆ ముడితోనే ఒకే దారిలోకి వచ్చాయి. కాజీపేట గురించి చెప్పడం మొదలెడితే ఆ ఒక్క జంక్షనే ఈ వ్యాసాన్ని మింగేస్తుంది. టీ తాగి బండి మారాను.

వరంగల్ దాటి చింతలపల్లి, ఎలుగూరు, నెక్కొండ, ఇంటికన్నె. ఇక్కడ నేల రంగు మారుతుంది. ఎర్ర చెలకల మధ్య మిరప కళ్లాలు, పసుపు మడులు, వరి. కేసముద్రం మార్కెట్‌కు పసుపూ మక్కలూ వచ్చే కాలంలో స్టేషన్‌లో నిలబడ్డా ఘాటు తగులుతుంది. వచ్చిన సరుకు మాత్రం ఇప్పుడు రైలెక్కదు, లారీ ఎక్కుతుంది. రైలెక్కేది మనుషులే. వరంగల్‌లో ఉండి మానుకోటలో, అంటే మహబూబాబాద్‌లో, ఉద్యోగం చేసేవాళ్లు, మానుకోటలో ఉండి వరంగల్‌లో చదువుకునేవాళ్లు. దీన్ని ఇక్కడ 'అప్‌డౌన్ చేయడం' అంటారు. పెళ్లి సంబంధం మాట్లాడేటప్పుడు కూడా "పిల్లగాడు అప్‌డౌన్ చేస్తడు" అని చెప్పుకుంటారు, అదొక అర్హత అన్నట్టు.

ఇంటికన్నె, కేసముద్రం మధ్య కిటికీలోంచి చూస్తే ఒకచోట కట్ట కంకర మిగతాదానికన్నా కొత్తగా కనబడింది. 2024 ఆగస్టు 31 రాత్రి కురిసిన వాన ఇక్కడ పట్టాల కింద కట్టను కోసేసింది. తెల్లారేసరికి పట్టాలు స్లీపర్లతో సహా గాలిలో వేలాడుతున్నాయి, కింద వాగు పారుతోంది. తాళ్లపూసపల్లి, మహబూబాబాద్ మధ్యా అదే పరిస్థితి. దూరపు బండ్లు ఎక్కడివక్కడ చిన్న స్టేషన్లలో నిలిచిపోతే, ప్రయాణికులను బస్సుల్లో కాజీపేటకు చేర్చారు. ఎప్పుడూ ఆగకుండా దూసుకుపోయే ఎక్స్‌ప్రెస్‌లు ఆ రోజు ఈ ఊళ్ల పేర్లు నేర్చుకున్నాయి. వందల మంది కూలీలు వానలోనే రాత్రీ పగలూ కంకర పోసి కొన్ని రోజుల్లో దారి నిలబెట్టారు.

దీన్ని అకాల వర్షం అని తోసేయడం నాకు ఒప్పదు. ఇది గొలుసుకట్టు చెరువుల దేశం. పై చెరువు అలుగు పోస్తే కింది చెరువు నిండుతుంది, చివరికి నీళ్లు ఆకేరులోనో మున్నేరులోనో కలుస్తాయి. వాలుకు అడ్డంగా ఎవరు ఏ కట్ట వేసినా నీటికి అది చెరువుకట్టే. 1880లలో రైలు కట్ట కూడా ఆ వరసలోకి కొత్త చుట్టంలా వచ్చి చేరింది. చెరువుకట్టకైతే అలుగు ఉంటుంది, తూము ఉంటుంది, దాన్ని చూసుకునే నీరటికాడు ఉండేవాడు. రైలు కట్టకు ఉన్నవి కల్వర్టు గొట్టాలు. పైన చెరువు తెగినప్పుడు ఆ గొట్టాలు ఎన్ని నీళ్లని తాగుతాయి?

తర్వాత మహబూబాబాద్. ఆరో నిజాం మహబూబ్ అలీ ఖాన్ పేరు మీద వచ్చిన ఊరు. ఈ రైలుదారి వేసిందీ ఆయన ఏలుబడిలోనే. బోర్డు మూడు భాషల్లో ఆ పేరే చెబుతుంది, బండి దిగినవాళ్లు మాత్రం మానుకోటలో దిగుతారు. 2010 మే 28న ఈ స్టేషన్ పేరు దేశమంతా వినబడింది. జగన్ ఓదార్పు యాత్రకు వస్తున్నారని తెలిసి తెలంగాణవాదులు పట్టాల మీదికి చేరారు. రాళ్లు లేచాయి, తుపాకులు పేలాయి. ఆయన ఎక్కిన రైలు ఇక్కడి దాకా రానేలేదు, వంగపల్లిలోనే ఆయన్ని దింపి అదుపులోకి తీసుకున్నారు. 'మానుకోట రాళ్లు' అనే మాట ఆ రోజు నుంచి తెలంగాణ రాజకీయ నిఘంటువులో చేరింది. ఆ రాళ్లు ఏ గుట్ట మీంచి తెచ్చినవో అడిగే పని లేదు, పట్టాల మధ్య పోసిన కంకరే.

గుండ్రాతిమడుగు, గార్ల దాటితే డోర్నకల్ జంక్షన్. భారతీయుల్లో తొలి ఆంగ్లికన్ బిషప్ అజరయ్య 1912 నుంచి 1945లో చనిపోయే దాకా ఈ ఊరి నుంచే పనిచేశారు. ఆయన కట్టించిన చర్చికి గుడి స్తంభాలూ ఉన్నాయి, మసీదు గుమ్మటాలూ ఉన్నాయి. రైలు దిగినవాళ్లు పావుగంట కేటాయించి చూడాల్సిన కట్టడం.

కానీ డోర్నకల్‌ను జంక్షన్ చేసింది బొగ్గు. 1871లో విలియం కింగ్ ఇల్లందు దగ్గర బొగ్గు కనిపెట్టాడు. అప్పటి ఇంజన్లు బొగ్గు తినేవి, బొగ్గు బయటికి రావాలన్నా రైలే కావాలి. ఒకరి ఆకలి ఇంకొకరికి దారి వేసింది. డోర్నకల్ నుంచి కారేపల్లి మీదుగా ఇల్లందుకు కొమ్మ పడింది. పక్కనున్న సింగరేణి అనే పల్లె పేరు మొత్తం గనుల కంపెనీకి అంటుకుంది. తర్వాత కొత్తగూడెం దాకా ఇంకో కొమ్మ వెళ్లింది. ఆ స్టేషన్‌కు భద్రాచలం రోడ్ అని పేరు. అక్కడ దిగి రాముడి గుడి ఎక్కడని అడిగిన కొత్తవాళ్లకు బస్టాండు చూపిస్తారు. గోదావరి దాటాలి మరి.

బొగ్గు ఉన్నచోటికి రైలు వస్తుందన్నది నూట నలభై ఏళ్ల కిందటి న్యాయం. ఆ న్యాయం ఇప్పుడు చెల్లుతుందా చూద్దామని నేను వెనక్కి వచ్చి హనుమకొండలో భూపాలపల్లి బస్సెక్కాను. టికెట్ అడిగితే కండక్టర్ అడిగిన మొదటి ప్రశ్న, "ఏ ఘనపురం సార్? ఠేషనా, ములుగా?"

రెండో ఘనపురాన్ని ఇప్పటికీ ఘనపురం ములుగు అనే అంటారు, పాత తాలూకా పేరు కలిపి. 2016లో జయశంకర్ భూపాలపల్లి జిల్లా అయింది, 2019లో ములుగు దాన్నుంచి విడిపోయి వేరే జిల్లా అయింది. అయినా పేరులో ములుగు పోలేదు. ఒక ఘనపురం స్టేషన్‌ను తగిలించుకుంటే, ఇంకోటి పక్క జిల్లాను తగిలించుకుంది.

పరకాల, రేగొండ దాటాక లారీలు మొదలయ్యాయి. టార్పాలిన్ కప్పిన లారీల వెంట నల్లటి దుమ్ము రోడ్డు అంచున చారగా పేరుకుంది. భూపాలపల్లి బొగ్గుబాయిలను కేటీకే అంటారు, కాకతీయ ఖని. ఘనపురం మండలంలోనే చెల్పూరు దగ్గర కాకతీయ థర్మల్ కేంద్రం ఉంది. 500 మెగావాట్ల యూనిట్ ఒకటి, 600ది ఒకటి. బొగ్గు ఇక్కడిదే, కరెంటూ ఇక్కడే. అన్నీ ఉండి పట్టాలు మాత్రం లేవు. బొగ్గంతా రోడ్డు మీదే నడుస్తుంది. ఈ గనులు తెరిచేనాటికి లారీ వచ్చేసింది, రైలు ఇంజన్ బొగ్గు తినడం మానేసింది. అవసరం తీరిపోయిన చుట్టం ఇంటికి ఎవరు వస్తారు? రామగుండం నుంచి భూపాలపల్లి, ములుగు మీదుగా మణుగూరుకు 200 కిలోమీటర్ల లైను మాట ఏళ్లుగా వినబడుతోంది. మేడారం జాతర వచ్చినప్పుడల్లా ఆ మాట గట్టిగా వినబడుతుంది, ఎందుకంటే భక్తులు వరంగల్ దాకా రైల్లో వచ్చి అక్కడి నుంచి బస్సులకు వేలాడాలి. చెల్పూరు కరెంటు గ్రిడ్‌లో కలిసి ఎక్కడికెక్కడికో పోతుంది. పొద్దున నేనెక్కిన పుష్‌పుల్ ఏ ఊరి కరెంటుతో కదిలిందో తీగ చెప్పదు.

కోటగుళ్ల దగ్గర సాయంత్రం ఎవరూ లేరు. పెద్ద గుడి చుట్టూ చిన్న గుళ్లు, విరిగిన స్తంభాలు, చెరువు మీంచి గాలి. బయట టీకొట్టు నడిపే ఆమె ఎక్కడి నుంచి వచ్చానని అడిగింది. ఠేషన్ ఘనపురం మీదుగా అన్నాను. ఆమె మొహం విప్పారింది.

"మా చిన్న బిడ్డను ఆ ఘనపురమే ఇచ్చినం అన్నా. ఈన్నుంచి ఆడికి పోవాలంటే హన్మకొండ దాంక బస్సు, కాజీపేటకు ఆటో, ఆ మీద రైలు."

టీ వడపోస్తూ నవ్వింది.

"పెండ్లి పత్రికల రెండు దిక్కులా ఉత్త ఘనపురమనే అచ్చేసిండ్రు. హైదరాబాద్ చుట్టాలు నలుగురు రైలెక్కి ఆడ దిగిండ్రు. పెండ్లేమో ఈడ. తలంబ్రాలు అయిపోయినంక వచ్చిండ్రు. బువ్వ మాత్రం దొరికింది."