నడిచేవాళ్ళకు చప్పట్లేవీ?

ఆటల్లో కష్టమైనది ఏది అంటే ఒకడు కబడ్డీ అంటాడు, ఇంకొకడు క్రికెట్ అంటాడు. నేను మాత్రం నడక పోటీ అంటాను. ఇప్పుడే నవ్వకండి, పూర్తిగా చదివి అప్పుడు నవ్వండి.

ఈ పోటీకి రెండే నియమాలు. ఎప్పుడూ ఒక పాదమైనా నేలమీద ఉన్నట్టు జడ్జీల కంటికి కనపడాలి. ముందుకు వేసిన కాలు నేలను తాకిన దగ్గర నుంచి ఒంటికిందకు నిటారుగా వచ్చేదాకా మోకాలు వంగకూడదు. అందుకే పాపం నడుము అలా తిప్పుకుంటూ పోతారు. చూసేవాళ్ళకేమో బాతు గుర్తొస్తుంది! తప్పు చేస్తే జడ్జీ ఎర్రకార్డు రాస్తాడు. పెద్ద పోటీల్లో మూడు పడితే కాసేపు పక్కన నిలబెడతారు, నాలుగోది పడితే ఇంటికే. పరిగెడితే శిక్ష పడేది వాళ్ళకీ, హాస్టల్ వరండాలో మనకీ మాత్రమే.

క్రికెట్‌లో పదో నంబరుగా దిగేవాడి పేరు అడిగితే మనవాళ్ళు ఠక్కున చెబుతారు. మరి 2012 లండన్ ఒలింపిక్స్‌లో 20 కిలోమీటర్లు నడిచి ప్రపంచంలోనే పదోవాడిగా వచ్చిన కేరళ ఇర్ఫాన్ పేరు ఎంతమందికి తెలుసు? 2022లో బర్మింగ్‌హామ్ కామన్వెల్త్ క్రీడల్లో ప్రియాంకా గోస్వామి 10 కిలోమీటర్లు 44 నిమిషాల లోపే నడిచి వెండి పతకం తెచ్చింది. అంత దూరం మనం పరిగెత్తినా ఆమె వీపే కనపడుతుంది!

ఇంకొకాయన రామ్ బాబు. ఉత్తరప్రదేశ్‌లోని సోన్‌భద్ర జిల్లా కూలీల బిడ్డ. హోటల్లో సర్వర్‌గా చేశాడు. లాక్‌డౌన్‌లో ఉపాధి హామీ పనికి పోయి మట్టి తవ్వాడు. అదే మనిషి 2022 జాతీయ క్రీడల్లో 35 కిలోమీటర్లు 2 గంటల 36 నిమిషాల 34 సెకన్లలో నడిచి జాతీయ రికార్డు పెట్టాడు. 2023లో హాంగ్‌ఝౌ ఆసియా క్రీడల్లో మంజూ రాణితో కలిసి కాంస్యం తెచ్చాడు.

ఇది చదివాక నాకు మన ఊళ్ళు గుర్తొచ్చాయి. మన అమ్మలు నెత్తిన అడ్డాకుల మోపు, చంకలో పిల్లతో కొండ దిగి సంతకు వస్తారు. సాయంత్రం మళ్ళీ అదే కొండ ఎక్కుతారు. వాళ్ళ వీపుకు నంబరు లేదు, పక్కన గడియారం పట్టుకున్న మాష్టారూ లేడు. నడకను మనం ఆటగా లెక్క పెట్టలేదు, అంతే. లెక్క పెట్టి ఉంటే మన గూడేల్లో ఇంటికో పతకం వేలాడేది!

వార్డెన్ గారికి, పి.ఇ.టి. మాష్టారికి నా మనవి ఒక్కటే. ఈసారి ఆటల పోటీల్లో నడక పోటీ కూడా పెట్టించండి. దీనికి బ్యాటు అక్కర్లేదు, నెట్టు అక్కర్లేదు, కాళ్ళుంటే చాలు. మిత్రులారా, మీరు నడుము ఊపుడు చూసి నవ్వుకోండి, పర్వాలేదు. కానీ ఆఖరున వచ్చేవాడు గీత దాటేదాకా చప్పట్లు ఆపకండి. చేతులేమీ అరిగిపోవు!