సాంబ్రాణి గూడు, ఫినాయిల్ గూడు

పెనుగొండలో మా కొట్టుకి సాంబ్రాణి డబ్బా వీధి గుమ్మం పక్క గూట్లో ఉండేది. ఫినాయిల్ సీసాలు పెరటి వైపు, కిర్సనాయిల్ డబ్బా పక్కన. మధ్యలో పప్పుల బస్తాలు, బెల్లం దిమ్మలు, చింతపండు గంప. ఎంత సరుకు దిగినా, కొట్టు ఎంత ఇరుకైనా ఆ రెండూ దగ్గరికి రావడానికి వీల్లేదని నాన్నగారి కట్టడి. "సాంబ్రాణికి ఏ వాసన తగిలితే ఆ వాసన పట్టేస్తుందిరా. ఫినాయిల్ కంపు అంటిందంటే అమ్మవారి ముందు ఎవరు వేస్తారు?" అనేవారు.

అమ్మవారంటే మా ఊళ్లో వేరే పేరు చెప్పక్కర్లేదు. వాసవీ కన్యకా పరమేశ్వరి. అగ్నిగుండంలోకి నడిచి వెళ్లిందని చెప్పుకునే తల్లి ఊరు కనుక నిప్పు మీద వేసే ప్రతిదానికీ మా వీధిలో ఒక మర్యాద ఉంది. మాఘ శుద్ధ విదియ ఆత్మార్పణ దినం. ఎక్కడెక్కడి నుంచో జనం వచ్చేవారు. ఆ వారమంతా నేను బడి నుంచి రాగానే సాంబ్రాణి పొట్లాలు కట్టడానికి కూర్చునేవాణ్ణి. వేళ్లకి పట్టిన ఆ జిడ్డు వాసన అన్నం కలుపుకున్నా పోయేది కాదు.

తరవాత నేను ఇంటర్ పిల్లలకి కెమిస్ట్రీ చెప్పే పనిలో పడి ముప్ఫై ఏళ్లు చెప్పాను. నాన్నగారు ఎడంగా ఉంచిన ఆ రెండు సరుకులూ నా పాఠంలో ఒకే ఇంటి బిడ్డలు. ఈ సంగతి తీరుబడిగా కూర్చుని ఎవరితోనైనా చెప్పాలని ఎప్పటినుంచో ఉంది.

"మాస్టారూ, మీథేన్‌లో ఒక హైడ్రోజన్ తీస్తే మిథైల్ అన్నారు. ఈథేన్‌లో తీస్తే ఇథైల్ అన్నారు. మరి బెంజీన్‌లో తీస్తే బెంజైల్ అవ్వాలి కదండీ? ఫినైల్ అంటారేంటండీ?"

ఏటా ఎవరో ఒకరు అడిగేవారు. ఎవరూ అడగని ఏడు నేనే అడిగించేవాణ్ణి. పుస్తకంలో దీనికి జవాబు ఉండదు. బెంజైల్ అనే పేరు ఇంకో కర్బనం తగులుకుని ఉన్న ముక్కది, ఫినైల్ ఉత్త వలయానిది, గుర్తుపెట్టుకోండి అని ఊరుకుంటుంది. పరీక్షలో ఈ రెండూ తారుమారు చేసి మార్కులు పోగొట్టుకున్న పిల్లలు ఎంతమందో! తప్పు వాళ్లది కాదు. మధ్యలో ఒక మాట చచ్చిపోయింది, దాని పిల్లలు మాత్రం బతికే ఉన్నాయి. ఆ మాట "ఫీన్". బెంజీన్‌కి ఒకప్పటి పేరు అది. తల్లి పేరు చెప్పకుండా పిల్లల్ని గుర్తుపట్టమంటే ఎవరికైనా కష్టమే.

ఫీన్ సంగతి తెలియాలంటే ముందు సాంబ్రాణి దగ్గరికి వెళ్లాలి.

అది మన చెట్ల బంక కాదు. సుమత్రా దీవిలోనూ లావోస్ కొండల్లోనూ పెరిగే స్టైరాక్స్ చెట్ల బెరడుకి గాట్లు పెడితే ఊరి, గడ్డకట్టే జిగురు. దాన్ని ఓడలకెత్తిన అరబ్బు వర్తకులు "లుబాన్ జావీ" అన్నారు. లుబాన్ అంటే ధూపపు జిగురు. పాలకీ తెలుపుకీ వాళ్ల భాషలో ఉన్న మాటలకి చుట్టం. జావీ అంటే జావా వైపు నుంచి వచ్చినది. సుమత్రాని కూడా వాళ్లు జావా అనే పిలిచేవారు. హైదరాబాదులో ఫకీరు ధూపం పళ్లెంలో వేసే లోబాన్ ఈ మాటే. యూరప్ రేవుల్లో దిగేసరికి దాని తల తెగిపోయింది. అక్కడి భాషల్లో నామవాచకాల ముందు "లో", "లా" అని ఒక చిన్న ముక్క వస్తుంది. లుబాన్‌లోని "లు" కూడా అలాంటిదే అనుకుని వదిలేశారు. మిగిలిన "బాన్ జావీ" నోళ్లలో నలిగి బెంజుయి అయింది, బెంజాయిన్ అయింది. మందుల షాపులో దొరికే టింక్చర్ బెంజాయిన్ సీసా మూత ఒకసారి తీసి చూడండి. మా కొట్టు వాసనే.

బెంజాయిన్‌ని సన్నసెగ మీద పెడితే తెల్లటి ఆవిరి లేచి, పైన బోర్లించిన మూతకి సూదుల్లా పేరుకుంటుంది. భవిష్యత్తు చెప్పాడని లోకం తలుచుకునే నోస్ట్రడామస్ 1550ల్లో ఈ పని గురించి రాశాడు. యునానీ హకీములు దీన్నే లోబాన్ సత్తు అంటారు. రసాయన శాస్త్రంలో దాని పేరు బెంజోయిక్ ఆమ్లం. కొట్లో కొన్న పచ్చడి సీసా మీద సన్న అక్షరాల్లో కనిపించే సోడియం బెంజోయేట్ దాని లవణమే. 1833లో జర్మనీలో మిచ్చర్‌లిఖ్ అనే ఆయన ఆ ఆమ్లాన్ని సున్నంతో కలిపి బట్టీ పట్టాడు. నీళ్లలా తేటగా, తేలిగ్గా ఉన్న ఒక ద్రవం దిగింది. సాంబ్రాణి ఇంట పుట్టింది కనుక దానికి బెంజిన్ అని పేరు పెట్టాడు.

అయితే ఆ ద్రవం అప్పటికే ఇంకో ఇంట పుట్టి ఉంది. 1825లో, లండన్‌లో. అప్పట్లో తిమింగలం నూనె, చేప నూనె బాగా వేడెక్కిన గొట్టాల్లో విడగొట్టి దీపాలకి గ్యాసు చేసేవారు. దాన్ని ఒత్తిడితో గట్టి పాత్రల్లో నింపి ఇళ్లకి అమ్మేవారు. ఆ పాత్రల అడుగున ఒక చమురు మిగిలేది. మైకేల్ ఫారడే దాన్ని ఓపిగ్గా బట్టీ పట్టి, గడ్డకట్టించి, అందులోంచి సరిగ్గా ఈ ద్రవాన్నే తీశాడు. అంటే బెంజీన్ ఒకసారి దీపంలోంచి వచ్చింది, ఒకసారి ధూపంలోంచి. మన పూజలో ఈ రెండు మాటలూ ఎప్పుడూ జంటగానే వస్తాయి. ఈ సంగతి తట్టిన రోజు నాకు పాఠం మధ్యలో కాసేపు నోట మాట రాలేదు.

పేరు మీద పెద్దలకి పేచీ వచ్చింది. జర్మనీ మహా పండితుడు లీబిగ్‌కి చివర "ఇన్" నచ్చలేదు. అలాంటి తోక క్వినైన్, స్ట్రిక్నైన్ లాంటి చేదు మందులకి ఉంటుంది, ఇది నూనెలాంటిది కనుక బెంజాల్ అందామన్నాడు. విశాఖ ఉక్కు కర్మాగారంలో బొగ్గుని కోక్ చేసే చోట వచ్చే ఉపఉత్పత్తుల్ని ఇప్పటికీ ఆ బెంజాల్ పేరుతోనే పిలుస్తారు. ఫ్రాన్సులో ఆగస్ట్ లోరాఁ దారి వేరు. 1830ల్లోనే ఆయన ఈ పదార్థం దీపపు గ్యాసులో దొరుకుతుంది కనుక దానికి వెలుగు పేరే ఉండాలని, గ్రీకులో వెలిగించడం, కనబడేలా చేయడం అనే అర్థమున్న క్రియలోంచి ఫీన్ అని తీశాడు.

గ్రీకు క్రియ అని అక్కడితో వదిలేయకండి. భాషల పుట్టుక చదివినవారు ఆ గ్రీకు ధాతువునీ మన "భా" ధాతువునీ ఒకే మూలానికి చేరుస్తారు. భానుడు, ప్రభ, ఆభ, ప్రభాతం, ఇవన్నీ ఆ "భా" పిల్లలే. భానుడిలోని "భా" ఏదో ఫినాయిల్‌లోని "ఫి" అదే. మా కొట్లో పెరటి గుమ్మం దగ్గర దుమ్ము కొట్టుకుని కూర్చున్న ఆ సీసాకి అంత పెద్ద ఇంటి పేరు ఉందని నాన్నగారికి తెలియదు. నాకు తెలిసేనాటికే నలభై దాటాయి.

ఫీన్ ఓడిపోయింది. లోకం బెంజీన్, బెంజాల్ అనే పలికింది. కానీ బొగ్గు తారులోంచి వచ్చే కార్బాలిక్ ఆమ్లాన్ని 1841లో శుద్ధి చేసినప్పుడు లోరాఁ తన మాటనే వాడుకుని అది ఫినైల్‌కి సంబంధించినదని చెప్పాడు. తరవాత దానికే ఫినాల్ అని పేరు స్థిరపడింది. అలా తల్లి పోయి పిల్లలు నిలిచాయి. చివరి "ఐల్" ముక్క కూడా గ్రీకుదే. కట్టె అని, దాన్నుంచి పదార్థం అని అర్థం. వోలర్, లీబిగ్ కలిసి 1832లో బెంజాయిల్ అనే పేరుతో దాన్ని రసాయన శాస్త్రంలోకి తెచ్చారు. కాబట్టి ఫినైల్ అంటే వెలుగు కట్టె.

మన జనం దాన్ని ఇంకో మెట్టు ఎక్కించారు. తారు నూనెల్ని సబ్బుతో కలిపి చేసిన నల్లటి ద్రవం సీసాల్లో వచ్చింది. బకెట్ నీళ్లలో ఒక మూత పోస్తే పాలలా తెల్లబడుతుంది. పేరు ఫినైల్. తెలుగు నోటికి అప్పటికే కిర్సనాయిల్ అలవాటు, కాబట్టి ఇదీ ఫినాయిల్ అయింది. ఆయిల్ అనుకుని అన్నా తప్పేం లేదు, అందులో ఉన్నది తారు నూనే కదా! ఆచార్య ప్రఫుల్ల చంద్ర రాయ్ 1901లో కంపెనీగా నిలబెట్టిన బెంగాల్ కెమికల్స్ ఫినాయిల్ సీసా మీద దీపం గుర్తు ఉంటుంది. ఎవరు ఏమనుకుని వేశారో గానీ లోరాఁ చూస్తే సంతోషించేవాడు.

ఇక "ఏరోమాటిక్". ఇదీ పాత మాటే. సాంబ్రాణి ఆమ్లం, దాల్చినచెక్క నూనె, చేదు బాదం నూనె, జీలకర్ర నూనె, ఇలాంటి మంచి వాసన వేసేవన్నీ ఒకే తీరుగా కనిపించడంతో 1855లో హాఫ్‌మన్ వాటికి సువాసన గలవి అనే పేరు వాడాడు. 1865లో కెకులే ఆరు కర్బనాల వలయం చూపించాక ఆ పేరు వాసన వదిలేసి వలయానికి అంటుకుపోయింది. వలయమంతా కలిసి పంచుకునే ఎలక్ట్రాన్ల నిలకడే ఇప్పుడు ఏరోమాటిక్ అంటే. ఈ లెక్కన మా కొట్టు సరుకంతా కొత్తగా సర్దాలి. దాల్చినచెక్క, లవంగం, వాము, సోంపు, జీలకర్ర ఒక పక్క. వీటి ముఖ్యమైన వాసనల్లో ఆ వలయం ఉంది. ముక్కు మూసుకునే ఫినాయిల్, బీరువాలో వేసే కలరా ఉండలు కూడా అదే పక్క. ఏలకులు, ధనియాలు, హారతి కర్పూరం రెండో పక్కకి వెళ్లిపోతాయి. గుడంతా ఘుమఘుమలాడించే కర్పూరం ఏరోమాటిక్ కాదని చెబితే పిల్లలు ఒప్పుకునేవారు కాదు. వాళ్లు ఒప్పుకోకపోవడమే నాకు ఇష్టం. మాటకి పుట్టినప్పటి అర్థం వాళ్లకి తెలుస్తోందన్నమాట.

తియ్యటి వాసన వేసే బెంజీన్ మంచిది కాదని కూడా చెప్పాలి. ఏళ్ల తరబడి పీలిస్తే ఎముకల్లో మూలుగు దెబ్బతింటుంది, రక్త క్యాన్సర్ వస్తుంది. ఈ మాట చెప్పినప్పుడల్లా నేను పిల్లల్ని భీమవరం తీసుకెళ్లేవాణ్ణి, పాఠంలోనే. యల్లాప్రగడ సుబ్బారావు 1895 జనవరి 12న పుట్టిన ఊరు అది, మాకు ఇరుగు. అమెరికాలో లెడర్లీ ప్రయోగశాలలో ఆయన నడిపించిన బృందం 1945లో ఫోలిక్ ఆమ్లాన్ని చేసి చూపించింది. ఆ అణువుని బోర్డు మీద గీస్తే మూడు ముక్కలు కనబడతాయి. నడిమి ముక్క పేరు పారా అమైనో బెంజోయిక్ ఆమ్లం. "బెంజో" దగ్గర సుద్దముక్క ఆపి, ఇదేంట్రా అని అడిగేవాణ్ణి. సాంబ్రాణండీ అని క్లాసంతా అరిచేది. అదే బృందం ఫోలిక్ ఆమ్లానికి అడ్డుపడేలా చేసిన అమైనోప్టెరిన్‌తోనే 1948లో సిడ్నీ ఫార్బర్ పిల్లల రక్త క్యాన్సర్‌ని కొంతకాలమైనా వెనక్కి తగ్గించవచ్చని లోకానికి చూపించాడు.

మా నాయనమ్మ బాలింతలకి తలంటి పోశాక కుంపట్లో సాంబ్రాణి వేసి, బుట్ట బోర్లించి, దాని మీద జుట్టు ఆరబెట్టేది. ఇప్పటి గర్భిణికి ఆ పొగకన్నా ముందే ఐరన్, ఫోలిక్ మాత్ర అందుతుంది. ఆ మాత్ర పేరులో సాంబ్రాణి లేదు గానీ దాని నడుములో ఉంది. తెలుగులో చదువుకునే పిల్లలకి ఇది చెప్పకపోతే ఇంకెవరికి చెబుతాం? సాంబ్రాణి ఇంట్లో ఉన్నది వాళ్లకే.

నాన్నగారు కొట్టు కట్టేసే ముందు ఏడు, ఒక సాయంత్రం నేను ఆయన ఎదుట చిన్న కుంపటి పెట్టాను. మూకుడులో ఇసక పోసి, ఇసకలో గిన్నె, గిన్నెలో సాంబ్రాణి నూరి వేసి, పైన కాగితం గరాటు బోర్లించాను. సెగ తక్కువగా ఉండాలని విసనకర్ర ఆయన చేతిలోంచి తీసేసుకున్నాను. చాలాసేపయ్యాక గరాటు తీసి చూస్తే లోపలంతా మెరిసే తెల్లటి సూదులు, వెన్నెల ఒలికినట్టు. ఆయన కళ్లద్దాలు సర్దుకుని వేలితో కొంచెం తీసి వాసన చూశారు.

"దీనికి వాసనే లేదేరా" అన్నారు.

లేదన్నాను. సాంబ్రాణికీ ఫినాయిల్‌కీ కలిపి బంధుత్వం చెప్పేది ఇదే అన్నాను. భానుడి సంగతి, భీమవరం సంగతి అన్నీ చెప్పాను. ఆయన మధ్యలో ఒక్క ప్రశ్న కూడా వేయలేదు. అంతా అయ్యాక ఆ సూదుల్ని కాగితంలోకి దులిపి, రెండు గూళ్ల వైపూ మార్చి మార్చి చూసి, "మరి దీన్నెక్కడ పెట్టాలి?" అని అడిగారు. నేను జవాబు చెప్పేలోపే పొట్లం కట్టి, పురికొస చుట్టి, గల్లాపెట్టెలో పెట్టుకున్నారు.