తిరుగుతుంది, చదవదు

ఆటల పెట్టెలో డిస్కు గిర్రున తిరుగుతూంటే "మోటారు పోయిందండీ, పారేయండి" అనే మెకానిక్కులు కూడా ఉన్నారు! పారేసేదెలా? మా అబ్బాయి 2003లో సగంలో ఆపిన ఆట దాని మెమరీ కార్డులో ఉన్నది. సెలవులకొచ్చిన మనవడు అది ముగిస్తానంటాడు.

సినిమా డీవీడీ పెడితే ఆడింది. డీవీడీని చదివేది 650 నానోమీటర్ల ఎర్రకాంతి. సీడీకి 780, కంటికి కనబడనిది. మా ఆట సీడీమీద ఉన్నది. ఆ లేజరు పోయిందేమో! పాటల సీడీ పెట్టాను, పాడింది. దొంగ దొరికాడు: డిస్కే.

మెత్తని గుడ్డతో నడుమనుంచి అంచుకు తుడిచాను. గుండ్రంగా రుద్దరాదు సుమండీ; గీత పడితే సమాచారపు బాటవెంటే పోతుంది. అడ్డగీతనైతే పెట్టె ఓర్చుకుంటుంది.

నాలుగోసారికి చదివింది. అబ్బాయికి ఫోను చేస్తే, "నేనొచ్చేదాకా ముగించొద్దనండి, నాన్నా" అన్నాడు.