పంచకృత్యములు – ఒక ఆటలోని జీవసృష్టి

గుంటూరు నుండి పొన్నూరు వైపు పోవు మార్గములో ఉన్న చేబ్రోలులో, కోనేటి నడుమ చతుర్ముఖ బ్రహ్మలింగేశ్వరస్వామి ఆలయము కలదు. 19వ శతాబ్ది ఆరంభమున రాజా వాసిరెడ్డి వేంకటాద్రి నాయుడు దీనిని నిర్మింపజేసినట్లు ప్రసిద్ధి. బ్రహ్మదేవునికి భూలోకమున పూజ లేదను శాపగాథ అందరెరిగినదే. అందుచేతనే కాబోలు, ఇక్కడ ఆయన ఒంటరిగా లేడు. శివలింగమునకు నాలుగు వైపులా ఆయన మూర్తి వెలసియున్నది. లింగమునకు చేసిన అర్చనయే బ్రహ్మకును చెందునని భక్తులు భావింతురు.

ఈ కూర్పులో ఒక తత్త్వము ఇమిడియున్నది. సృష్టించుట ఒక్కటే పూర్ణకార్యము కాదు. సృష్టి, స్థితి, సంహారము, తిరోధానము, అనుగ్రహము అను ఐదును శైవాగమములు పరమేశ్వరుని పంచకృత్యములుగా చెప్పినవి. మొదటిదానిపై అందరికీ మక్కువ. తక్కిన నాలుగును ఓర్పుతో చేయువారు అరుదు. ఈ సత్యము పిల్లలాడు ఒక కంప్యూటరు ఆటలోను స్పష్టముగా గోచరించుచున్నది.

ఆ ఆట పేరు స్పోర్. విల్ రైట్ రూపకల్పన చేయగా మాక్సిస్ నిర్మించిన దీనిని ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ సంస్థ 2008 సెప్టెంబరులో విడుదల చేసినది. ఆడువాడు కణరూపమున ఆరంభించి, జంతువు, తెగ, నాగరికత అను దశలు గడచి తుదకు అంతరిక్షమునకు చేరును. జీవులను మలచు భాగము మాత్రము జూన్‌లోనే విడిగా వచ్చినది. వెన్నెముకను సాగదీసి, కన్నులు, కాళ్ళు, కొమ్ములు తగిలించి, రంగు అద్దినంతనే ఆ జీవి కదలును. ఎన్ని కాళ్ళు అమర్చినను వానికి తగిన నడకను ఆటయే కల్పించును. 18 దినములలోనే ఆటగాళ్ళ సృష్టి 15 లక్షలు దాటినదనియు, భూమిపై శాస్త్రజ్ఞులు నమోదుచేసిన జాతుల సంఖ్యను అందుకొన్నదనియు అప్పట్లో నిర్మాతలు ప్రకటించిరి. పురాణములు చెప్పిన 84 లక్షల జీవరాశులను సైతము మించి, ఆ సంఖ్య తరువాత కోట్లకు చేరినది.

చేబ్రోలులోని ఒక పురోహితుని ఇంట అన్నదమ్ములిద్దరు ఇట్టి జీవులను రెండువందలకు పైగా సృష్టించిరి. అన్న పైచదువునకై అమెరికా వెళ్ళెను. తమ్ముడు పదవ తరగతి. పాత కంప్యూటరు లేచుటకే అరగంట పట్టుచుండుటచే, ఆదివారమునాడు దానిని పాతసామాన్ల వానికి ఇచ్చివేయవలెనని తండ్రి నిశ్చయించెను. అన్న చేసిన తొలి జీవి, నెమలి మెడ గల ఆరుకాళ్ళ జంతువు, అందులోనే ఉన్నది. తమ్ముడు దాని చిత్రమును వాట్సాప్‌లో పంపెను. అక్కడ అన్న ఆటలో వేసి చూడగా జీవి రాలేదు.

“తాతగారూ, బొమ్మ వెళ్ళింది కానీ ప్రాణం వెళ్ళలేదండీ” అన్నాడు బాలుడు.

“ప్రాణం బొమ్మలో ఉందని నీకెవరు చెప్పారురా?”

“అన్నయ్యే చెప్పాడండీ. బొమ్మలోనే దాచి ఉంటుందట. కంటికి కనపడదట.”

“కనపడని దాన్ని పంపేటప్పుడు కనపడే దానికన్నా ఎక్కువ జాగ్రత్త పడాలి నాయనా” అన్నారు పెద్దాయన.

ఆ బాలుడు చెప్పినది యథార్థము. స్పోర్‌లో ప్రతి జీవియు ఒక చిన్న పి.ఎన్.జి. చిత్రముగా భద్రపరచబడును. 128 చుక్కల వెడల్పు, 128 చుక్కల ఎత్తు. ఆ చుక్కలలోనే, చూపునకు అందని రీతిలో, జీవియొక్క రచనాక్రమము నిక్షిప్తమై ఉండును. ఏ అవయవము ఎచ్చట, ఎంత పరిమాణమున, ఏ వర్ణమున అనునదే అందుండును గాని సంపూర్ణ దేహము ఉండదు. దేహమును ఆట మరల నిర్మించుకొనును. ఇదియే తిరోధానము. ఛాందోగ్యోపనిషత్తులో ఉద్దాలకుడు శ్వేతకేతువుచేత మఱ్ఱిపండును, అందలి గింజను చీల్పించి, ఏమియు కనబడని ఆ సూక్ష్మమునుండియే మహావృక్షము నిలిచినదని బోధించెను. ఆ బోధకు ఇది సులభమైన దృష్టాంతము.

వాట్సాప్‌లో ఛాయాచిత్రముగా పంపినప్పుడు బరువు తగ్గించుటకై చిత్రము మరల కుదించబడును. కంటికి భేదము తోచదు. లోపలి బీజము మాత్రము నశించును. వేదము విషయమున పెద్దలు పద, క్రమ, జటా, ఘన పాఠములను ఏర్పరచినది ఇట్టి నష్టమును నివారించుటకే. అర్థము దాదాపుగా వచ్చినది చాలునని వారు తృప్తిపడలేదు. ఒక్క స్వరము తప్పినను అది మరియొకటి అగునని వారెరుగుదురు. అదే చిత్రమును డాక్యుమెంటుగా పంపినచో, లేదా పెన్‌డ్రైవ్‌లోనికి ఉన్నది ఉన్నట్లు నకలు చేసినచో, బీజము చెక్కుచెదరదు.

ఇక అనుగ్రహము. చెడని చిత్రమును పట్టి లాగి, తెరచియున్న ఆట కిటికీపై విడిచినచో జీవి ప్రత్యక్షమగును. ఐనను గ్రహించువానికి అధికారము ఉండవలెను. 2008లోనే వచ్చిన క్రీపీ అండ్ క్యూట్, 2009లో వచ్చిన గెలాక్టిక్ అడ్వెంచర్స్ అను అనుబంధములలోని అవయవములతో చేసిన జీవి, ఆ అనుబంధము లేని యంత్రమున ప్రవేశింపజాలదు. చిత్రమునందు దోషము లేదు, ఇచ్చువానియందు లోభము లేదు, పాత్రత మాత్రమే కొరత. గురువులు శిష్యుని సంస్కారమును చూచి ఉపదేశించుటలోని ఔచిత్యము ఇదియే.

స్థితి అన్నింటికంటె శ్రమతో కూడినది. తాను చేసిన జీవుల చిత్రములు మై డాక్యుమెంట్స్‌లోని మై స్పోర్ క్రియేషన్స్ అను ఫోల్డరులో, జంతువులు, భవనములు, వాహనములు అను విభాగములుగా చేరును. ఆ చిత్రములు వేరు, ఆట తన లోపల దాచుకొను నిధి వేరు. రెండింటిని ఒకటిగా భావించి ఒకదానిని తుడిచినవారు తరువాత చింతింతురు. ఒకే భావముగల జీవులను స్పోర్‌కాస్ట్ అను గుచ్ఛముగా కూర్చవచ్చును. ప్రతి జీవికి పేరు, వివరణ, కర్త నామము ఉండును. సంస్థవారి సర్వరుకు చేర్చిన జీవిని వేరొకరు సవరించి మరల చేర్చినచో, మూలమేదో కూడ అందు నమోదగును.

కర్త నామమును నిలుపుట చేబ్రోలుకు కొత్త కాదు. ఇక్కడి భీమేశ్వరాలయ పునరుద్ధరణ వేళ లభించిన శాతవాహన విజయుని సంస్కృత శాసనము క్రీ.శ. 207 నాటిదనియు, దక్షిణ భారతమున అంతవరకు లభించిన సంస్కృత శాసనములలో అది ప్రాచీనతమమనియు పురావస్తుశాఖ శాసన విభాగము 2019లో వెల్లడించినది. దేవీ ఆలయమున ప్రాసాదమును, మండపమును నిర్మించి ప్రతిమను ప్రతిష్ఠించిన కార్తికుడను వాని పేరు ఆ శిలపై ఉన్నది. పద్దెనిమిది శతాబ్దములకు పైగా మరుగున ఉండియు ఆ పేరు చెడలేదు.

సంహారము విషయమున ఆ ఇంట కొంత తర్జనభర్జన జరిగినది. సగము చేసి విడిచినవి, నడవలేక తడబడునవి, ఆటపట్టింపుగా చేసినవి అనేకము. బాలుడు ఒక్కదానిని కూడ తొలగింపలేకపోయెను. ఒక్కొక్క చిత్రము కొన్ని పదుల కిలోబైట్లను మించదు. అన్నియు పెన్‌డ్రైవ్‌లో ఒక మూలకు సరిపోవును. కనుక చోటు సమస్య కాదు, మనస్సే సమస్య. అన్నతో ఫోనులో మాటలాడిన పిమ్మట అన్నదమ్ములు నలుబదింటిని మాత్రము ఎంచి కొత్త యంత్రములో ఉంచుటకు నిశ్చయించిరి. తక్కినవి పెన్‌డ్రైవ్‌లో నిద్రించును. మరుగుపరచుట వేరు, నశింపజేయుట వేరు. ఈ వివేకము లేక మనుష్యుడు కొన్నిటిని వృథాగా మోయును, కొన్నిటిని తొందరపడి కాల్చును. ఆటలో ఇతరుల జీవి నచ్చనిచో తన లోకమునకు రాకుండ నిషేధింపవచ్చును. అంతమాత్రమున అది ఇతరుల లోకములలో నశించదు. వైరాగ్యమనగా ద్వేషము కాదనుటకు ఇది చాలును.

ఆదివారము కంప్యూటరు వెళ్ళునప్పుడు బాలుని కన్నులు చెమర్చినవి. వినాయక చవితినాటి మట్టి ప్రతిమను తాతగారు అతనికి జ్ఞాపకము చేసిరి. ఆవాహన చేసి, అర్చించి, ఉద్వాసన చెప్పిన పిమ్మటనే ప్రతిమను నీటికి అప్పగింతురు. ఉద్వాసన కాకుండ తొందరపడి విడుచుట దోషము. ఐనదానిని విడువకుండ పట్టుకొనుట మోహము.

ఉపమానము ఏకదేశమునకే వర్తించునని మరువరాదు. ఆటలోని జీవికి చైతన్యము లేదు, కర్మ లేదు, మోక్షము లేదు. దానిని చేసిన బాలునికి అవి కలవు. కావున సాధన అతనిదే. బ్రహ్మకు సైతము ఆయుర్దాయము నూరేండ్లే అని, అవి ఆయన మానమున ఎంత దీర్ఘమైనను ముగియుననియు పురాణములు చెప్పుచున్నవి. ఇక మానవుడు చేసిన దానిలో తనదని చెప్పదగినది స్వల్పము. ఎవరినుండి గ్రహించెనో వారి పేరు నిలుపుట, బీజము చెడకుండ కాపాడుట, అర్హునికి అందించుట, కాలము వచ్చినప్పుడు ద్వేషము లేక విడుచుట మాత్రము అతని వశములో ఉన్నవి.

సోమవారము ఉదయము అమెరికా నుండి అన్న ఒక చిన్న వీడియో పంపెను. అందులో ఆరుకాళ్ళ నెమలి నడచుచున్నది.