బావుల వెంట ఒక రోజు

మెక్సికో దేశపు యుకటాన్ ప్రాంతంలో చిచెన్ ఇట్జా అనే శిథిల నగరం ఉంది. మాయా భాషలో ఆ పేరుకు ‘ఇట్జాల బావి నోటి దగ్గర’ అని అర్థం. ఇట్జాలంటే అక్కడ నివసించిన ఒక తెగ. అంతటి కట్టడాలు లేపినవారు తమ నగరానికి రాజు పేరు పెట్టుకోలేదు, గెలిచిన యుద్ధం పేరూ పెట్టుకోలేదు. తమకు నీరిచ్చిన బావి పేరు పెట్టుకున్నారు.

ఉత్తర యుకటాన్‌లో నేలపై పారే నదులు లేవు. ఆ నేలంతా సున్నపురాయి. కురిసిన వాన రాతిలోకి ఇంకి, అడుగున గుహలు తొలుచుకుంటూ ప్రవహిస్తుంది. గుహల పైకప్పు కూలినచోట లోతైన నీటి మడుగులు బయటపడతాయి. వాటినే సెనోటేలు అంటారు. శతాబ్దాల తరబడి అక్కడి ప్రజలకు అవే ఆధారం. మాయా ప్రజలు అంతరించిపోయారని మన పిల్లలు ఎక్కడో విని నమ్ముతుంటారు. అది నిజం కాదు. వారి సంతతి లక్షలాదిగా నేటికీ ఉంది, వారి భాషలు నేటికీ ఇళ్లలో వినిపిస్తున్నాయి.

డల్లాస్‌లో స్థిరపడిన మా భాయ్‌జాన్ కుటుంబం కిందటి వేసవి సెలవుల్లో ఆ ప్రాంతానికి వెళ్లి, గైడు వెంట ఒక రోజు బస్సు యాత్రలో ఈ రెండింటినీ చూసి వచ్చింది. ఉదయం శిథిలాలు, మధ్యాహ్నం దాటాక సెనోటేలో ఈత. డిసెంబరులో వారు ఎర్రగడ్డలోని మా ఇంటికి వచ్చినప్పుడు నా మేనల్లుడు ఆ ఫోటోలను తన దాదీకి ఒక్కొక్కటిగా చూపించాడు. నాలుగు వైపులా తొంభై ఒకటేసి మెట్లు, శిఖరాన ఒకటి, మొత్తం 365 మెట్ల పిరమిడ్. దాని ఎదుట నిలబడి చప్పట్లు కొడితే, అడవిపక్షి కూతలాంటి ప్రతిధ్వని వస్తుందట. ఇప్పుడు దానిని ఎక్కనివ్వడం లేదు. సెనోటేలో దిగేముందు, ఒంటికి రాసుకున్న లేపనాలు నీటిలో కలవకుండా అందరూ స్నానం చేసి తీరాలట. ఆ నియమం విని అమ్మీ తల ఊపింది. కానీ అక్కడి ఒక బావిని బలులకు కేటాయించి, బంగారంతో పాటు మనుషులనూ అందులో విసిరేవారని, తాగడానికి వేరొక బావి ఉండేదని విన్నప్పుడు ‘అస్తగ్‌ఫిరుల్లాహ్’ అని ఫోన్ పక్కన పెట్టేసింది.

కాసేపటికి ఆమే అడిగింది: “అంత దూరం తీసుకువెళ్లి బావులు చూపించావు. మన గోల్కొండ బావులు చూపించావా బేటా?”

ఎర్రగడ్డలో పాత సామాన్ల ఆదివారం అంగడి పూర్తిగా పరుచుకోకముందే మేము బయలుదేరాము. యూసుఫ్‌గూడ దాటి, జూబ్లీహిల్స్ చెక్‌పోస్టు మీదుగా ఫిల్మ్‌నగర్ వాలు దిగితే షేక్‌పేట, ఆ వెనుకే కుతుబ్‌షాహీ సమాధులు. దారి పొడవునా భవనాల మధ్య అక్కడక్కడ మిగిలిన గుండురాళ్లు కనిపిస్తాయి. రెండు వందల యాభై కోట్ల సంవత్సరాల వయసున్న నల్లరాయి అది. వాటిలో ఎన్నింటిని పేల్చి మేడలు కట్టారో లెక్కలేదు. సినిమాల కోసం ప్లాస్టరుతో పాతకోటలు కట్టి, పని తీరగానే కూల్చివేసే పరిశ్రమకు అసలైన కోట కూతవేటు దూరంలోనే ఉండటం నాకెప్పుడూ విచిత్రంగానే తోస్తుంది. అక్కడ మాకు తోడు వచ్చిన గైడు కూడా అదే అన్నాడు. చాలామంది సందర్శకులు మొదట అడిగేది ఇక్కడ ఏ సినిమా తీశారనేనట.

భాయ్‌జాన్ రాకకు మరొక కారణం ఉంది. మా ఎర్రగడ్డ ఇల్లు పాతబడింది. దానిని ఒక బిల్డరుకు ఇచ్చి అపార్ట్‌మెంట్ కట్టించాలని మాటలు నడుస్తున్నాయి. ఒప్పంద పత్రాలు తయారై అల్మారాలో ఉన్నాయి. నలుగురు సంతానం సంతకాలు పెట్టాలి. ప్లానులో, మా పెరటి బావి ఉన్నచోట లిఫ్టు గుంత చూపించారు. ఆ మాట ఇంట్లో ఎవరూ పైకి అనలేదు, కానీ అమ్మీకి తెలుసు.

సమాధుల ప్రాంగణం 106 ఎకరాలు. 1518 నుండి 1687 వరకు ఈ నేలను ఏలిన వంశపు సుల్తానులు, వారి కుటుంబీకులు, సేనానులు అక్కడ ఉన్నారు. 2013లో రాష్ట్ర పురావస్తు శాఖ, ఆగాఖాన్ సాంస్కృతిక ట్రస్టు కలిసి మరమ్మతులకు పూనుకున్నాయి. పదకొండేళ్ల తరువాత, 2024 జూలై 28న, ఆ పని ముగిసినట్లు ప్రకటించారు. గత శతాబ్దంలో గుమ్మటాలకు పూసిన సిమెంటును గీకి తీసి, మళ్లీ డంగు సున్నం వేశారు. బెల్లం, మారేడు గుజ్జు వంటివి కలిపి నూరిన ఆ సున్నం రాయితో పాటు ఊపిరి పీలుస్తుందని గైడు వివరించాడు. సిమెంటు అయితే లోపలి తేమను బయటికి పోనీయదు.

ఇబ్రాహీం కులీ కుతుబ్‌షా సమాధి దగ్గర నేను మేనల్లుడిని ఆపాను. రాజు కాకముందు ఆయన ఏడేళ్లు విజయనగరంలో తలదాచుకున్నాడు. తెలుగు నేర్చి, తెలుగు కవులను ఆదరించాడు. అద్దంకి గంగాధర కవి తన తపతీ సంవరణోపాఖ్యానాన్ని ఈ సుల్తానుకే అంకితమిచ్చాడు. మా వాడు తెలుగు తడుముకుంటూ మాట్లాడతాడు. “ఫుప్పూ, సుల్తాన్‌కి తెలుగు వచ్చా?” అని అడిగాడు. వచ్చునని చెప్పాను. అంతకుమించి ఉపన్యాసం ఇవ్వలేదు.

పక్కనే ఉన్న హమ్మాంలో మాత్రం అమ్మీ చాలాసేపు నిలబడిపోయింది. అది విలాసాల స్నానశాల కాదు, ఖననానికి ముందు మయ్యిత్‌కు గుస్ల్ చేయించిన చోటు. వేడినీటికి, చన్నీటికి వేరువేరు తొట్లు, నడుమ అరుగు, నీరు పోయేందుకు కాలువ. మొహల్లాలో ఎందరో స్త్రీలకు ఆఖరి స్నానం చేయించిన చేతులు ఆమెవి. కాలువ వాలు చూసి, “ఇది కట్టినవాడికి పని తెలుసు” అని మాత్రం అన్నది.

బడీ బావలీ దగ్గరకు వచ్చేసరికి ఎండ ఎక్కింది. పేరుకు తగ్గట్టు పెద్ద దిగుడు బావి. అంతస్తులుగా దిగే మెట్లు, కమానులు, అడుగున ఆకుపచ్చని నీరు. 2013 వర్షాలకు దీని గోడ ఒకవైపు కూలిపోయింది. దశాబ్దాల పూడిక అంతకుముందే బావిని సగం మింగింది. పూడిక తీసి, పడిన రాళ్లను ఏరి, గోడను తిరిగి కట్టారు. ఇప్పుడు వాననీరు అందులోకి చేరుతున్నది, ఆ నీటితోనే చుట్టూ ఉన్న తోటలను పెంచుతున్నారు. గోల్కొండ దిగుడు బావుల పునరుద్ధరణకు 2022లో యునెస్కో ఆసియా పసిఫిక్ పురస్కారం లభించింది.

“ఇందులో ఈదవచ్చా?” మేనల్లుడి మొదటి ప్రశ్న అదే.

“లేదు బాబూ, చూడటమే” అన్నాడు గైడు.

వాడి ముఖం చిన్నబోయింది. సెనోటేలో ఈదిన పిల్లవాడికి కంచె అవతలి నీరు నిరాశే కదా. భాయ్‌జాన్ తన బాల్యం చెప్పసాగాడు, సెలవులకు నానీ ఊరు వెళ్లినప్పుడు ఎండు సొరకాయ బుర్రలు నడుముకు కట్టుకొని వ్యవసాయ బావుల్లో దూకడం. మేము వందసార్లు విన్న కథే. అప్పుడు అమ్మీ, ఎవరూ అడగకుండానే, “నేనూ ఈదాను” అన్నది.

మేమందరం ఆమె వైపు తిరిగాము. ఆమెకు డెబ్బై రెండేళ్లు. నీళ్లలో దిగడం మేమెన్నడూ చూడలేదు.

పల్నాడులో ఆమె పుట్టిన ఊరి చివర ఒక దిగుడు బావి ఉండేదట. ఫజర్ నమాజు తరువాత మగవారు పొలాలకు వెళ్లిపోయాక ఆడపిల్లలు అక్కడికి చేరేవారట. ముస్లింల పిల్లలు, రైతుల పిల్లలు, కుమ్మరుల పిల్లలు అందరూ. ఒక ముసలామె పై మెట్టుమీద కూర్చొని ఆకు నములుతూ కాపలా కాసేది. దారిన మగవాడెవరైనా వస్తే దగ్గేది. ఆ దగ్గు వినగానే పిల్లలంతా కమాను కిందకు చేరి ఊపిరి బిగబట్టేవారు. ఇది చెబుతూ అమ్మీ నవ్వింది. సెనోటే దగ్గర ఒళ్లంతా కప్పే దుస్తులు వేసుకొని కూడా జనం చూపులకు వెరచి ఒడ్డునే కూర్చుండిపోయిన మా వదిన, ఆమె చేయి పట్టుకొని “మాకు ఆ ముసలామె దొరకలేదు అమ్మీ” అన్నది.

“ఇప్పుడు ఆ బావి ఉందా?” అని వాడు అడిగాడు.

“పూడ్చేశారు. బస్టాండు కట్టారు.”

తరువాత కొంతసేపు ఎవరమూ మాట్లాడలేదు. మా పెరటి బావి అందరి మనసులోకీ వచ్చి ఉంటుంది. దానిని తవ్వించింది మా దాదాజాన్. సనత్‌నగర్ పారిశ్రామికవాడలో ఫిట్టరుగా పనిచేసేవారు. వడ్డెర కూలీలు రెండు నిలువులు తవ్వగానే రాయి తగిలిందని, మందుగుండు పెట్టి పేలుస్తూ ఆరు నిలువులు దించారని చెప్పేవారు. యుకటాన్‌లో నేల తానే నోరు తెరిచి నీరిచ్చింది. ఇక్కడ నల్లరాతిని మనిషి పగలగొడితే తప్ప చుక్క రాలేదు. ఆ బావిని ఆయన కన్నుమూసిన తన తల్లి పేరున తవ్వించారు. హజ్రత్ సఅద్ బిన్ ఉబాదా (రజి) తన తల్లి పేరున బావి తవ్వించిన వృత్తాంతం మసీదులో విని వచ్చి, ఆ వారమే పని మొదలుపెట్టారట. ప్రహరీలో వీధివైపు ఒక సందు విడిచిపెట్టించారు, వాడలోని వారు అడగకుండా వచ్చి తోడుకోవాలని. కుళాయిలు వచ్చాక ఎవరూ రావడం మానేశారు. వంద కిలోమీటర్లకు పైబడిన దూరం నుండి కృష్ణ, గోదావరి నీళ్లు గొట్టాల్లో వస్తుంటే గిలక ఎవరు లాగుతారు? బావిమీద ఇనుప జాలీ వేశాము. వేసవిలో కుళాయి రానినాడు ట్యాంకరుకు డబ్బు కట్టాము.

చెట్టు నీడలో జానమాజులు పరచి జుహర్ చదువుకున్నాక, అమ్మీ భాయ్‌జాన్‌తో నెమ్మదిగా అన్నది: “నేలకు కాగితాలున్నాయి, పంచుకోండి. నేను అడ్డురాను. నీళ్లు మాత్రం మీ దాదాజాన్ తన తల్లి పేరున అల్లాహ్ మార్గంలో విడిచిపెట్టారు. దానికి కాగితం లేదు. అమ్మేవాళ్లం మనమెవరం?”

భాయ్‌జాన్ జవాబు చెప్పలేదు. జానమాజు మడిచి సంచిలో పెట్టాడు.

భోజనం తరువాత కోటకు వెళ్లాము. అమ్మీ మోకాళ్ల నొప్పితో కిందనే తోటలో కూర్చున్నది. ప్రవేశద్వారపు గుమ్మటం కింద గైడు చప్పట్లు కొట్టాడు. ఆ చప్పుడు కొండ కొసన ఉన్న బాలాహిస్సార్‌లో వినబడుతుంది. మేనల్లుడు మా ముందే పైకి పరుగెత్తాడు. పది నిమిషాల తరువాత కిందనుండి భాయ్‌జాన్ కొట్టిన చప్పట్లు విని, పైనుండి చేయి ఊపాడు. అక్కడి పిరమిడ్ పక్షిలా కూస్తుంది, ఇక్కడి గుమ్మటం కబురు చేరవేస్తుంది. వాడికి రెండూ నచ్చాయి.

నాకు మాత్రం గోల్కొండలో అన్నిటికన్నా అబ్బురం నీటి ఏర్పాటే. అంత ఎత్తు కొండమీదికి, ఒక తొట్టి నుండి మరొక తొట్టికి, గుండ్రంగా తిరిగే చక్రాలతో అంచెలంచెలుగా నీరు తోడేవారు. గోడల్లో కాల్చిన మట్టి గొట్టాలు ఇప్పటికీ కనిపిస్తాయి. ఈ కోటవాసులకు తాగునీరు దుర్గం చెరువు నుండి వచ్చేది. ముందురోజే ఆ చెరువుమీది తీగల వంతెన దగ్గర వాడు ఫోటోలు దిగాడు. ఆ వంతెన కింది నీరు ఒకప్పుడు ఈ గోడల్లో పారిందంటే, గొట్టంలో వేలు పెట్టి చూశాడు. 1687లో ఔరంగజేబు సైన్యం ఎనిమిది నెలలు ముట్టడించింది. చివరికి లోపలివారే తలుపు తీశారు. దాహం తెరిపించలేదు. కడపటి సుల్తాను తానాషా దౌలతాబాదులో బందీగా మరణించి ఖుల్దాబాదులో ఖననమయ్యాడు. తాతముత్తాతల గుమ్మటాల నడుమ ఆయనకు చోటు దక్కలేదు.

దిగి వస్తుండగా భాయ్‌జాన్ గైడును పక్కకు పిలిచి చాలాసేపు మాట్లాడాడు. సుల్తానుల గురించి కాదు. పూడిక తీయడానికి ఎవరిని పిలవాలి, మోటారు పెట్టి తోడేశాక ఊట తిరిగి వచ్చిందీ లేనిదీ ఎన్నాళ్లు చూడాలి, మేడమీద పడిన వానను బావిలోకి మళ్లించేముందు ఎలా వడకట్టాలి, ఇవీ ప్రశ్నలు. మరమ్మతుల కాలంలో గైడు రెండేళ్లు మేస్త్రీల వెంట తిరిగాడట. ముందుగా బావిలోకి దీపం దించి చూడమన్నాడు. ఆరిపోతే లోపల గాలి చెడిందని, మనిషిని దించవద్దని. దీపం ఆరకపోయినా, అనుభవమున్న పనివారు లేకుండా ఎవరినీ దించవద్దని రెండుసార్లు చెప్పాడు.

సెలవులు ముగిసేలోగా పూడిక తీయించాము. పలకలు, రెండు ఇత్తడి చెంబులు, లెక్కలేనన్ని ప్లాస్టిక్ సంచులు, నేను ఎనిమిదో తరగతిలో పోగొట్టుకున్న కంపాస్ పెట్టె బయటపడ్డాయి. మూడోనాడు అడుగున ఉత్తరం వైపు రాతి చీలికలో తడి కనిపించింది. వారానికి అర నిలువు నీరు చేరింది. బిల్డరు మొదట విసుక్కున్నాడు. లిఫ్టు జరిపితే ప్రతి ఫ్లాటులో ఒక గది చిన్నదవుతుందన్నాడు. కొత్త ప్లాను తెచ్చాడు. అందులో మా వాటాకు వచ్చే చోటు తగ్గింది. తమ్ముళ్లలో ఒకడికి అది ఇష్టం లేదు, వాడి కష్టాలు వాడివి, అది అన్యాయమని నేననను. పత్రాలు ఇంకా అల్మారాలోనే ఉన్నాయి. ప్రహరీ సందు మాత్రం తెరిచాము. గత వేసవిలో కుళాయి రాని నాలుగు రోజులు పొరుగువారు బిందెలతో వచ్చారు.

డల్లాస్ నుండి మేనల్లుడు జుమా జుమాకు ఫోన్ చేసి నీటి మట్టం అడుగుతాడు. అమ్మీ గిలక తాడు దించి, తడిసినంత మేర మూరలతో కొలిచి చెబుతుంది. మొన్నటి వానల తరువాత ఇరవై ఒక్క మూరలు.