బస్సెక్కించిన సంగతి

పిల్లలకు వ్యాకరణం చెప్పుకు బతికేవాణ్ణి. కోర్టు మెట్లు ఎక్కుతానని కలలో కూడా అనుకోలేదు. మా మేనల్లుడు ఎక్కించాడు.

ఒక ఆదివారం పొద్దున్నే ఊడిపడ్డాడు. "మావయ్యా, హైకోర్టులో హెబియస్ కార్పస్ వేస్తున్నాను. జరిగిందంతా తెలుగులో రాసి తెమ్మన్నారు ప్లీడరుగారు. నువ్వైతే బాగా రాస్తావు" అన్నాడు. భార్య నాలుగేళ్ళ పాపతో పుట్టింటికి వెళ్ళి అప్పటికి మూడు నెలలు.

బాగా రాస్తావంటే లొంగని తెలుగు మేష్టరు ఎవరండీ! కూచుని రాశాను. "వెళ్ళింది" అనవలసిన చోట "ఎత్తుకుపోయింది" అన్నాను. ఒక్క క్రియ మార్చేసరికి ఇల్లాలు కాస్తా దొంగయి కూచుంది. చదివి వినిపిస్తే మా అక్కయ్య కొంగుతో కళ్ళు ఒత్తుకుంది.

రెండు సంగతులు మాత్రం రాయలేదు. తల్లినీ పిల్లనూ బస్సెక్కించింది మావాడే. పెట్టె మోసింది నేను. పాప కోసం ఫ్యామిలీ కోర్టులో అప్పటికే ఒక పిటిషను వేసి ఉన్నాడు. "అడక్కుండా అవన్నీ మనమెందుకు చెప్పుకోవడం?" అన్నాడు. నేను ఊరుకున్నాను. ప్లీడరుగారికీ చెప్పలేదని తరవాత తెలిసింది.

హెబియస్ కార్పస్ అంటే మనిషిని తెచ్చి ఎదుట నిలబెట్టమని. రాజ్యాంగం 226వ అధికరణం కింద హైకోర్టు ఇచ్చే రిట్టు ఇది. పిల్లల తగాదాల్లో పనికిరాదని కాదు. పిల్లను తల్లో తండ్రో ఉంచుకున్నా, అది చట్టవిరుద్ధమైతే వేసుకోవచ్చునని 2019లో తేజస్విని గౌడ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. మామూలు దారి మాత్రం గార్డియన్ చట్టాలదేనంది. అయిదేళ్ళు నిండని పిల్ల సాధారణంగా తల్లి దగ్గరే ఉండాలని 1956 నాటి హిందూ మైనారిటీ చట్టం చెబుతూనే ఉంది. ఇదంతా నేను చదువుకున్నది చేతులు కాలాక.

వాయిదా నాడు కోడలుపిల్ల పాపను చంకనేసుకుని వచ్చింది. ఆమె ప్లీడరు ఒక కాగితం అందించాడు. మావాడు పంపిన ఫోను సందేశమే: "బస్సు దిగారా? పాపకి స్వెట్టరు వేశావా?" వెనకాలే ఫ్యామిలీ కోర్టు పిటిషను నంబరు.

"ఇవి మీ అఫిడవిట్‌లో ఏ పేరాలో ఉన్నాయి?" అన్నారు జడ్జిగారు.

మా ప్లీడరుగారు వెనక్కి తిరిగి మావాడి వంక చూశారు. మావాడు నా వంక చూశాడు.

పది నిమిషాల్లో అయిపోయింది. ముఖ్యమైన సంగతులు దాచి వచ్చినవాడి గోడు మంచిచెడ్డల్లోకి పోకుండానే కొట్టేయవచ్చునట, 2008లో కె. డి. శర్మ కేసులో సుప్రీంకోర్టు ఆ మాట గట్టిగానే చెప్పింది. పాపను చూసుకునే హక్కు ఫ్యామిలీ కోర్టులోనే అడుక్కోమన్నారు. నిజానికి వాడికి ఆ హక్కు ఉంది. పిల్ల మీద బెంగతో నిద్రపోని రాత్రులు నేనెరుగుదును. ఆ బెంగ గురించి ఆ పూట ఎవరూ మాట్లాడలేదు.

వరండాలో పాప నా పంచె పట్టుకు లాగింది. "తాతయ్యా, మా ఇంటికి పోలీసులొచ్చారు. అమ్మ ఏం చేసింది?"

నాకు నోట మాట రాలేదు.

ఆ రాత్రి మళ్ళీ కాగితం తీశాను, ఫ్యామిలీ కోర్టు కోసం. "నా భార్యనూ కూతురినీ నేనే బస్సెక్కించాను" అని మొదలుపెట్టి మావాడి చేతికిచ్చాను. చాలాసేపు చూశాడు.

"పెట్టె నువ్వు మోశావని కూడా రాయి మావయ్యా" అన్నాడు.