ఒక్క పూటలో రెండువేల ఏళ్ల తీరం!

కొండ మీద నుంచి కనిపించే సముద్రం వేరు. బస్సు కిటికీలోంచి పరుగులు తీసే సముద్రం వేరు. పాదాలను తాకి వెనక్కి వెళ్లే సముద్రం వేరు. విశాఖపట్నంలో మధ్యాహ్నం బయల్దేరి చీకటి పడేవేళకు తిరిగొచ్చే నగర సందర్శన బస్సు ఎక్కితే ఆ మూడింటినీ చూడొచ్చు. మధ్యలో బౌద్ధ భిక్షువుల గుట్ట, తుపాను తాకిన కొండ, ఒడ్డుకు చేరిన జలాంతర్గామి... వెరసి ఓ అయిదు గంటల ప్రయాణం!

మధ్యాహ్నం ఒంటిగంటన్నర. ఆర్టీసీ కాంప్లెక్స్‌ దగ్గర బస్సు దాదాపు నిండింది. రాజమండ్రి నుంచి వచ్చిన కొత్త జంట, రాయగడ నుంచి పిల్లాపాపలతో వచ్చిన ఒడియా కుటుంబం, కాలేజీ కుర్రాళ్లు నలుగురు, నిజామాబాద్‌ జిల్లా నుంచి మనవణ్నీ మనవరాలినీ వెంటబెట్టుకుని వచ్చిన డెబ్భై ఏళ్ల నానమ్మ. గైడు మైకు అందుకుని చూడబోయే వాటి వరస చెప్పాడు. తొట్లకొండ, కైలాసగిరి, విమానం, సబ్‌మెరైన్‌, చివర్లో బీచ్‌.

‘సముద్రం ఎప్పుడు చూపిస్తవ్‌ బిడ్డా?’ ముందు సీట్లోంచి నానమ్మ అడిగింది.

‘ఆఖర్న అమ్మా. ముందే చూపించేస్తే ఇంకేవీ చూడరు, బస్సు దగ్గరకి రానే రారు’ అన్నాడు గైడు. బస్సంతా నవ్వింది. నానమ్మ నవ్వలేదు. ఆమె వచ్చిందే దానికోసం.

గుట్ట మీద నీటి తొట్లు

మద్దిలపాలెం, హనుమంతవాక, మధురవాడ... హైవే మీద ఊరు పలచబడుతుండగా బస్సు తీరం వైపు మళ్లుతుంది. నగరానికి సుమారు 15 కిలోమీటర్ల దూరంలో, భీమిలి వెళ్లే దారిలో ఉంటుంది తొట్లకొండ. వాననీటిని పట్టి ఉంచేందుకు ఈ గుట్ట మీద రాతిని తొట్లలా తొలిచారు. ఆ తొట్ల పేరే కొండకు స్థిరపడింది. నీళ్లకోసం కిందికి దిగే అవసరం లేకుండా భిక్షువులు చేసుకున్న ఏర్పాటది. క్రీస్తుపూర్వం నుంచీ కొన్ని శతాబ్దాలపాటు ఇక్కడో బౌద్ధారామం వెలిగింది. తర్వాత అడవి కమ్మేసింది. 1988లో మొదలైన తవ్వకాల్లో స్తూపాలు, చైత్యాలు, భిక్షువులు ఉండే చిన్న చిన్న గదులు, అందరూ కలిసి భోంచేసే శాల... ఒక్కొక్కటీ పునాదులతో సహా బయటపడ్డాయి.

వాటితోపాటు శాతవాహనుల నాటి సీసపు నాణేలూ రోమన్‌ వెండి నాణేలూ దొరికాయి. అన్నీ వదులుకుని కొండెక్కినవాళ్ల దగ్గరికి ఎక్కడో రోమ్‌లో ముద్రించిన నాణెం ఎలా వచ్చినట్టు? జవాబు కొండ కిందే ఉంది. ఈ తీరం అప్పటికే ఓడల దారి. సరకులతో వచ్చిన వర్తకులు బౌద్ధారామాలకు కానుకలిచ్చేవారు. కొద్ది దూరంలోని బావికొండ, భీమిలి దగ్గరి పావురాలకొండ కూడా ఆ కాలం నాటివే. మూడూ సముద్రానికి ఎదురుగా ఉన్న కొండలే.

2019 అక్టోబరు వానలకు ఇక్కడ పునరుద్ధరించిన మహాస్తూపం కొంత భాగం కూలింది. తర్వాత మళ్లీ కట్టారు. ‘రెండువేల ఏళ్లు మట్టికింద భద్రంగా ఉంది. పైకి తీశాకే కష్టాలు’ అన్నాడు గైడు. మాట సరదాగానే అన్నా అందులో నిజముంది. మట్టి కప్పినంత కాలం అదే కాపాడింది. ఇప్పుడా పని మనుషులది.

నానమ్మ మాత్రం ఇటుకల వైపు చూడలేదు. మనవరాలి భుజం పట్టుకుని కొండ అంచు దాకా వెళ్లింది. కింద తాటిచెట్లు, వాటి అవతల నీలంగా, కదలకుండా ఓ గీత. ‘గదేనా?’ అంది. ‘అదే నానమ్మా.’ ‘మరి చప్పుడు లేదేందే?’

నిజమే. ఇంత ఎత్తుకి రంగు వస్తుంది కానీ హోరు రాదు.

కిటికీలో ఋషికొండ

అక్కడి నుంచి బస్సు బీచ్‌ రోడ్డెక్కుతుంది. ఎడమవైపు అంతా సముద్రమే. ఋషికొండ దగ్గర పసుపు ఇసుక, నీలం నీళ్లు, పడవ షికార్లకోసం బారులు తీరిన జనం కిటికీలోంచి కనిపించి వెనక్కి వెళ్లిపోతాయి. సగం రోజు యాత్రలో ఉన్న చిక్కే అది. ఆగే చోట్లకంటే ఆగని చోట్లే ఎక్కువ. ఇదే రోడ్డులో భీమిలికి వెళ్తే డచ్చివారి సమాధులున్నాయి. దారిలో వేల ఏళ్లపాటు గాలీ నీరూ మలిచిన ఎర్రమట్టి దిబ్బలున్నాయి. నగరానికి అటు పక్కన సింహాచలం. అక్కడ వరాహ నరసింహస్వామి ఏడాదిలో ఒక్క అక్షయ తృతీయనాడే చందనం తీసి నిజరూపంలో దర్శనమిస్తాడు. ఇవన్నీ మరో రోజు కేటాయించుకుని చూడాల్సినవే.

తుపాను చూసిన కొండ

కైలాసగిరి మీదకు రోడ్డు దారీ ఉంది, రోప్‌వే కూడా ఉంది. పైన దాదాపు 40 అడుగుల ఎత్తున తెల్లగా మెరిసే శివపార్వతులు, కొండ చుట్టూ తిరిగే చిన్న రైలు. ఓ వైపు ఋషికొండ, మరోవైపు ఆర్కే బీచ్‌ దాటి డాల్ఫిన్స్‌ నోస్‌ దాకా వంపు తిరిగిన తీరం. నీటిలోకి మూతి చాచిన డాల్ఫిన్‌లా కనిపించే ఆ కొండే విశాఖ రేవుకి అండ. దాని చాటునే 1933లో ఓడరేవు మొదలైంది. ఆ పక్కనే హిందుస్థాన్‌ షిప్‌యార్డ్‌. స్వతంత్ర భారతంలో తయారైన మొదటి ఓడ ‘జల ఉష’ను 1948 మార్చిలో నెహ్రూ అక్కడే నీళ్లలోకి పంపారు.

‘2014 అక్టోబరు 12న ఇక్కడ నిలబడే పరిస్థితి లేదు’ అని గైడు చెబుతుంటే కుర్రాళ్లు కూడా ఫోన్లు దించారు. హుద్‌హుద్‌ తుపాను ఆరోజు నేరుగా విశాఖ దగ్గరే తీరం దాటింది. గంటకు 180 కిలోమీటర్లకు పైగా వేగంతో వీచిన గాలికి కొండమీద చెట్లు కూకటివేళ్లతో లేచిపోయాయి. మిగిలినవాటికి ఆకన్నది లేదు. రోజుల తరబడి కరెంటు లేదు, ఫోన్లు లేవు. నగరం మళ్లీ మొక్కలు నాటుకుంది. ఇప్పుడు పిల్లలు రైలెక్కి చూసే పచ్చదనంలో చాలావరకూ ఆ తర్వాత పెరిగిందే.

ఆ రైలు దగ్గరే ఆలస్యమైంది. క్యూ కదల్లేదు. పిల్లలు ఎక్కకుండా దిగమన్నారు. అందరూ బస్సులోకి చేరేసరికి ముప్పావుగంట పోయింది. గైడు గడియారం చూసుకుని మైకు తీశాడు. ‘సబ్‌మెరైన్‌కి నలభై నిమిషాలు, విమానానికి ఇరవై. ఇక బీచ్‌లో పావుగంటే బాబూ, ఏమనుకోవద్దు.’

నానమ్మ ఏమీ అనలేదు. చీర కొంగు మాత్రం గట్టిగా చుట్టుకుంది.

ఒడ్డెక్కిన జలాంతర్గామి

ఆర్కే బీచ్‌ రోడ్డులో అటూ ఇటూ రెండు యుద్ధ యోధులు విశ్రాంతి తీసుకుంటున్నాయి. ఒకటి టీయూ-142 విమానం. సముద్రం మీద ఎగురుతూ శత్రు జలాంతర్గాముల్ని కనిపెట్టడం దీని పని. 29 ఏళ్లు సేవచేసి, 30 వేల గంటలు ప్రమాదమన్నది లేకుండా ఎగిరి, 2017లో రిటైరైంది. అదే ఏడాది డిసెంబరులో మ్యూజియంగా మారింది.

దానికెదురుగా ఇసుకలో ఉన్నది ఐఎన్‌ఎస్‌ కురుసుర. 1969లో నౌకాదళంలో చేరింది. 91 మీటర్ల పొడవు. 1971 యుద్ధంలో పాల్గొంది. 31 ఏళ్ల తర్వాత 2001 ఫిబ్రవరిలో సేవల నుంచి తప్పించారు. ముక్కలై తుక్కుగా పోవాల్సినదాన్ని ఒడ్డుకు లాగి, 2002 ఆగస్టులో ప్రదర్శనశాలగా తెరిచారు. లోపల చూపించేవాళ్లు చాలామంది నౌకాదళంలో పనిచేసి రిటైరైనవాళ్లే. అందుకే ఆ చెప్పడంలో పుస్తకం వాసన ఉండదు.

లోపల ఏడు భాగాలు. ఒకదాన్నుంచి మరోదాన్లోకి వెళ్లాలంటే గుండ్రటి ఇనుప ద్వారంలోంచి ఒంగి, కాలెత్తి దూరాలి. ముందు టార్పెడోల గది. తర్వాత రైలు బెర్తుల్లాంటి పడకలు, ఒకరు మాత్రమే పట్టే వంటగది, సోనార్‌ గది, పెరిస్కోపు. దాదాపు 75 మంది ఈ గొట్టంలోనే తిని, పడుకుని, పనిచేసేవారు. తాగే నీళ్లు కొలిచి వాడుకోవాల్సిందే. స్నానం అంటే పండగే. పగలూ రాత్రీ తేడా తెలిసేది గడియారంలోనే.

కొంచెం దూరంలో ‘విక్టరీ ఎట్‌ సీ’ స్మారకం. 1971 డిసెంబరు 3 అర్ధరాత్రి దాటాక విశాఖ రేవు ముందు సముద్రంలో పెద్ద పేలుడు. ఒడ్డునున్న ఇళ్లు దద్దరిల్లాయి. విమాన వాహకనౌక విక్రాంత్‌ను వెతుక్కుంటూ వచ్చిన పాకిస్థాన్‌ జలాంతర్గామి ఘాజీ మునిగిపోయింది. విక్రాంత్‌ అప్పటికి అండమాన్‌ వైపు ఉంది. విశాఖలోనే ఉన్నట్టు భ్రమపెట్టి ఘాజీని ఇటు రప్పించారు. ఐఎన్‌ఎస్‌ రాజ్‌పుత్‌ వేసిన బాంబులకే మునిగిందని మన నౌకాదళం చెబుతుంది. తాను పరిచిన మందుపాతరే పేలిందని పాకిస్థాన్‌ అంటుంది. అందులో ఉన్న తొంభై మందికి పైగా నావికుల్లో ఒక్కరూ బతకలేదు. ఘాజీ ఇంకా ఆ నీళ్ల అడుగునే ఉంది. 2017లో వచ్చిన ‘ఘాజీ’ సినిమా చూసిన కుర్రాళ్లకు కథ తెలుసు. కానీ ఆ చోటు ఎదురుగానే ఉందని తెలిశాక నలుగురూ కాసేపు మాట్లాడలేదు.

పావుగంట కాదు... గంట!

కురుసుర మెట్ల దగ్గర నానమ్మ ఆగిపోయింది. ‘నా మోకాళ్లు గా సందుల్ల దూరవు బిడ్డా. మీరు పోయి రాండ్రి. నేను సముద్రం కాడ ఉంట’ అంది. గైడు ఒక్క క్షణం ఆలోచించి, ‘సరే అమ్మా, మనవరాల్ని తోడు తీసుకెళ్లండి. మడమల దాకా మాత్రమే! ఇక్కడి అలలు మంచివి కావు’ అన్నాడు. అది మాటవరసకు అన్నది కాదు. ఆర్కే బీచ్‌లో లోతు ఒక్కసారిగా పెరుగుతుంది. వెనక్కి లాగే అల బలంగా ఉంటుంది. స్నానాలకు దిగి ప్రాణాలు పోగొట్టుకున్నవారు చాలామంది.

సముద్రం ఇక్కడ ఒడ్డునూ తినేస్తోంది. ఈ తీరంలో ఇసుక ఏడాదిలో ఎక్కువకాలం దక్షిణం నుంచి ఉత్తరానికి కదులుతుంది. రేవు కోసం సముద్రంలోకి కట్టిన రాతి గోడలు దానికి అడ్డొస్తాయి. పైనుంచి రావాల్సిన ఇసుక రాదు, ఉన్నది మాత్రం అలలతో పోతూనే ఉంటుంది. అందుకే అడ్డుపడిన ఇసుకను డ్రెడ్జర్లతో తవ్వి తీరంలో పోయడం ఏళ్లుగా సాగుతోంది. ఈ ఊరికి పేరిచ్చిన వైశాఖేశ్వరుడి గుడి కూడా ఇక్కడే ఎక్కడో సముద్రంలో కలిసిపోయిందని పెద్దలు చెప్పుకుంటారు. అది కథే కావచ్చు. ఇసుక పోవడం మాత్రం కళ్లముందే జరుగుతోంది.

నానమ్మ చెప్పులు విడిచింది. మొదటి అల దగ్గరదాకా వచ్చి వెనక్కి పోయింది. రెండోది పాదాల్ని తడిపింది. మూడోది చీర కుచ్చిళ్లదాకా వచ్చింది. పాదాల కింద ఇసుక జారుతుంటే మనవరాలి చెయ్యి గట్టిగా పట్టుకుంది.

‘పంట చేతికొస్తే సముద్రం చూడనీకి పోదాం అనేటోడు మీ తాత. పంట వచ్చిన ఏడు ఇల్లు లేపినం. రాని ఏడు అప్పు తెచ్చినం. గట్లనే పోయిండు’ అంది. మనవరాలికి ఏం చెప్పాలో తెలియలేదు. నానమ్మ వంగి దోసిట్లోకి నీళ్లు తీసుకుని, కళ్లకద్దుకుని, మళ్లీ సముద్రంలోకే వదిలింది.

సూర్యుడు ఇక్కడ నీళ్లలోకి దిగడు. నగరం వెనక కొండల చాటుకి వెళ్తాడు. వెలుగు వెనకనుంచి వస్తుంది కాబట్టి సాయంత్రం సముద్రం కాసేపు గులాబీరంగుకి తిరిగి, తర్వాత ఒక్కసారిగా నల్లబడుతుంది. దూరంగా రేవు పిలుపుకోసం నిలిచిన ఓడల్లో దీపాలు వెలిగాయి. డాల్ఫిన్స్‌ నోస్‌ మీద లైట్‌హౌస్‌ మొదలైంది. మురీ మిక్చర్‌ బండ్ల దగ్గర ఉల్లిపాయల చప్పుడు.

సబ్‌మెరైన్‌లోంచి బయటికొచ్చిన మనవడు పరుగెత్తుకొచ్చాడు. ‘నానమ్మా, లోపలున్నవాళ్లు నెలల తరబడి సముద్రంలోనే ఉండేవారంట. కానీ వాళ్లకి సముద్రం కనిపించేది కాదంట!’

నానమ్మ తడిసిన కుచ్చిళ్లు పిండుకుంటూ మనవడి వైపు చూసింది. ‘అట్లయితే నేనే నయం కదరా’ అంది.

ఏడుగంటలకు బస్సు హారన్‌ కొట్టింది. గైడు లెక్కపెట్టుకున్నాడు. ఎప్పట్లాగే ఇద్దరు తక్కువ. ఎక్కడున్నారో వెతకాల్సిన పనిలేదు. టార్చి పట్టుకుని తనే నీళ్ల దగ్గరికి నడిచాడు.

ఇలా వెళ్లొచ్చు...

విజయవాడ నుంచి విశాఖ సుమారు 350 కిలోమీటర్లు. సికింద్రాబాద్‌ నుంచి రాత్రి రైలెక్కితే తెల్లారేసరికి చేరుకోవచ్చు. నవంబరు నుంచి ఫిబ్రవరి దాకా వాతావరణం హాయిగా ఉంటుంది. కురుసురకు సోమవారం సెలవు. మిగతా రోజుల వేళలు ముందే కనుక్కుని, దాన్నిబట్టి ఉదయమో మధ్యాహ్నమో ఎంచుకోవడం మంచిది. మోకాళ్ల నొప్పులున్న పెద్దవాళ్లకు సబ్‌మెరైన్‌ లోపల కష్టం. వాళ్లకోసం బీచ్‌లో కాస్త ఎక్కువ సమయం అడిగి ఉంచుకోండి. ఆర్కే బీచ్‌లో స్నానాలకు దిగొద్దు, పిల్లల్ని ఒంటరిగా వదలొద్దు. అలలకు పాదాలు తడిస్తే చాలు!